ఏడుగురి దేశం

తొమ్మిది లక్షల జనాభా కూడా లేని ఫిజీ, ఒలింపిక్స్ గుమ్మం తొక్కిన అరవై ఏళ్ళకు తొలి పతకం గెలిచింది. అదీ బంగారు పతకం. అదీ తనను ఏలిన బ్రిటన్ మీద.

2017లో ఫిజీ రిజర్వు బ్యాంకు ఒక వింత నోటు విడుదల చేసింది. ఏడు డాలర్ల నోటు. అయిదు, పది, ఇరవైల మధ్య ఏడు ఇరికిస్తే కొట్లో చిల్లర లెక్కలు తిరకాసు పడతాయని ఆ బ్యాంకు వాళ్ళకు తెలియక కాదు. నోటు మీద బంతి పట్టుకుని పరుగెత్తుతున్న ఓసియా కోలినిసౌ ఉన్నాడు, అతని జట్టు ఉంది, కోచ్ ఉన్నాడు. రాజులకూ నాయకులకూ దక్కే చోటు, ఏడుగురు ఆడే ఒక ఆటకు దక్కింది.

దానికి కారణమైన రోజు 2016 ఆగస్టు 11. రియో డి జనీరోలోని డియొడోరో స్టేడియంలో సాయంత్రం, పసిఫిక్ మహాసముద్రంలోని ఫిజీలో మర్నాడు పొద్దున్న. ఒలింపిక్స్ రగ్బీ సెవెన్స్ ఫైనల్. అవతలి జట్టు గ్రేట్ బ్రిటన్. 1874 నుంచి 1970 దాకా ఫిజీని ఏలిన దేశం, ఈ ఏడుగురి ఆటను పుట్టించిన దేశం. తొలి ట్రై, అంటే అయిదు పాయింట్ల స్కోరు, కెప్టెన్ కోలినిసౌ చేశాడు. ఆ వెనకే జెరీ తువాయ్, జాసా వెరెమలువా, లియోనె నకరావ, వతేమో రవోవో వరస కట్టారు. సగం ఆట అయ్యేసరికి స్కోరు 29–0. ఆఖరికి 43–7. ఫైనల్ అంటే ప్రేక్షకుడు గోళ్ళు కొరుక్కోవాలి. ఆ రోజు బ్రిటన్ అభిమానులకు ఆ అవకాశం కూడా దొరకలేదు.

ఆట అయ్యాక ఫిజీ కుర్రాళ్ళు గుండ్రంగా చేరి భుజాల మీద చేతులు వేసుకుని దైవప్రార్థన గీతం అందుకున్నారు. పతకాలు వెయ్యడానికి వచ్చింది బ్రిటన్ రాకుమారి ఆన్. ఒక్కొక్కరూ ఆమె ముందు మోకాళ్ళ మీద కూర్చుని పతకం మెడలో వేయించుకున్నారు. ఫొటో చూసి పాత పాలకుల ముందు మోకరిల్లడమేమిటని నొచ్చుకున్నవాళ్ళు ఉంటే ఉండవచ్చు. ఫిజీ పల్లెల్లో పెద్దల ఎదుట, తెగ నాయకుల ఎదుట తల ఎత్తున నిలబడకుండా కిందికి ఒదగడం మర్యాద. నలభై మూడు పాయింట్లు బాదినవాళ్ళు మోకాళ్ళ మీద కూర్చుంటే అది లొంగుబాటు ఎలా అవుతుంది?

ఊరి మధ్య పచ్చిక

ఫిజీ అంటే మూడు వందలకు పైగా దీవులు. మనుషులుండేవి వందకు కాస్త ఎక్కువ. 2017 జనాభా లెక్కల ప్రకారం దేశం మొత్తం మీద ఉన్నది 8,84,887 మంది. ఒక్క విజయవాడ నగరంలోనే అంతకన్నా ఎక్కువమంది ఉన్నారు. చెరకు, పర్యాటకం, విదేశాల్లో పనిచేసేవాళ్ళు పంపే డబ్బు: బతుకుతెరువు ఇంతే. సైన్యంలో చేరి ఐక్యరాజ్యసమితి శాంతిదళాలతో ఎడారి దేశాలకు పోయేవాళ్ళు కూడా తక్కువేం కాదు.

ఈ దీవుల్లో రగ్బీ మొదట 1880లలో, బా అనే పట్టణంలో, కాపలా దళంలోని తెల్ల సిపాయిలూ స్థానిక సిపాయిలూ కలిసి ఆడారని చెబుతారు. అక్కడినుంచి అది ఊరూరికీ పాకింది. ఫిజీ పల్లెల్లో ఇళ్ళ మధ్య పచ్చిక మైదానం ఒకటి ఉంటుంది, దాన్ని రారా అంటారు. ఊరి పండగ జరిగినా పంచాయితీ జరిగినా అక్కడే. సాయంత్రమైతే అదే రగ్బీ మైదానం. బూట్లుండవు. చాలాసార్లు బంతి కూడా ఉండదు. రాజధాని సువా పక్కన న్యూటౌన్ అనే పేదవాడలో ఒంటిగది ఇంట్లో పెరిగిన జెరీ తువాయ్, ప్లాస్టిక్ సీసాతోనూ చుట్టిన బట్టతోనూ ఆడుతూ ఆట నేర్చుకున్నవాడు. ఆదివారాలు మాత్రం ఆట బంద్. ఆ రోజు చర్చి.

మామూలు రగ్బీలో జట్టుకు పదిహేనుమంది. సెవెన్స్‌లో ఏడుగురే, మైదానం మాత్రం అంతే. మన కబడ్డీ జట్టులో ఏడుగురు చిన్న గదంత చోటులో ఒకరినొకరు కాచుకుంటారు. ఆ ఏడుగురినే ఒక పెద్ద మైదానంలోకి వదిలి, చేతికొక బంతి ఇచ్చి, దాన్ని ముందుకు విసరకూడదు, పక్కకో వెనక్కో మాత్రమే అందించాలి అని చెబితే ఎలా ఉంటుందో ఊహించుకోండి. సగానికి ఏడు నిమిషాలు చొప్పున ఆట మొత్తం పద్నాలుగు నిమిషాలు. బంతిని అవతలి గీత దాటించి నేలకు ఆనిస్తే ట్రై, అయిదు పాయింట్లు. ఆపైన గోల్ స్తంభాల మధ్యనుంచి తన్నితే ఇంకో రెండు. ఖాళీ ఎక్కువ, మనుషులు తక్కువ. ఒక్క ట్యాకిల్, అంటే బంతి ఉన్నవాణ్ణి పట్టి పడేసే ప్రయత్నం, తప్పితే ట్రై అయిపోయినట్టే.

ఫిజీ ఆటగాళ్ళ అసలు విద్య ఆ ట్యాకిల్ దగ్గరే కనిపిస్తుంది. ఇద్దరు మీదపడి నడుం పట్టి లాగుతుంటే, కింద పడిపోయే ఆ అరక్షణంలో, ఒంటిచేత్తో, వెనక్కి చూడకుండా బంతిని తన వాడికి జారవిడుస్తారు. అక్కడ తన వాడు ఉంటాడనే నమ్మకం. ఇది పుట్టుకతో వచ్చిన విద్య అని వ్యాఖ్యాతలు అంటుంటారు. ఆ మాట నాకు నచ్చదు. అయిదేళ్ళ వయసునుంచి రోజూ సాయంత్రం రెండు గంటలు ఊళ్ళోని అన్నదమ్ములతో ఒకే ఆట ఆడితే ఎవరికైనా అబ్బే విద్య అది. కాకపోతే అలా ఊరంతా ఒకే ఆట ఆడే దేశాలు ఎక్కువ లేవు.

1976లో మొదలైన హాంకాంగ్ సెవెన్స్ టోర్నీని ఫిజీ మరుసటేడే గెలిచింది. వైసాలే సెరేవి అనే పొట్టి మాంత్రికుడు 1990లలో ఈ ఆటకు రాజు అనిపించుకున్నాడు. 1997లో, 2005లో ప్రపంచకప్ ఫిజీదే. కానీ ఒలింపిక్స్‌లో సెవెన్స్ లేదు. పదిహేనుమంది రగ్బీ 1924 పారిస్ దాకా ఉండి ఆగిపోయింది. తాను ప్రపంచంలో అందరికన్నా బాగా ఆడే ఆట ఒలింపిక్స్ జాబితాలో లేనంతకాలం, ఫిజీ నాలుగేళ్ళకోసారి కొద్దిమంది పరుగువీరులనూ ఈతగాళ్ళనూ పంపి, తొలి రౌండు తర్వాత వెనక్కి పిలిపించుకుంది. 1956 మెల్‌బోర్న్ నుంచి దాదాపు ఇదే వరస.

2009లో అంతర్జాతీయ ఒలింపిక్ సంఘం సెవెన్స్‌ను జాబితాలో చేర్చింది. అంతే, ఫిజీ తలరాత మారింది. పతకాల పట్టిక చూసి ఫలానా దేశానికి క్రీడా సంస్కృతి లేదని తీర్పులు చెప్పేవాళ్ళు ఈ సంగతి కాస్త ఆలోచించాలి. ఏ ఆటకు పతకం ఉండాలో నిర్ణయించే గదిలో చిన్న దేశాల గొంతు వినిపించదు. ఖరీదైన గుర్రాలూ, ఖరీదైన పడవలూ కావలసిన పోటీలకు అక్కడ ఎప్పటినుంచో పతకాలున్నాయి. ప్లాస్టిక్ సీసాతో నేర్చుకోగలిగిన ఆటకు చోటు దొరకడానికి 2016 దాకా ఆగాల్సి వచ్చింది.

రియో కంటే ముందే ఇంకో వేదిక మీద ఫిజీ జెండా ఎగిరిన మాట కూడా చెప్పుకోవాలి. 2012 లండన్ పారాలింపిక్స్ హైజంప్‌లో ఇలియేసా డెలానా ఒంటికాలితో 1.74 మీటర్లు దూకి స్వర్ణం గెలిచాడు. మూడేళ్ళప్పుడు బస్సు ప్రమాదంలో కాలు పోగొట్టుకున్నవాడు. ఆ పోటీలో సరిగ్గా అంతే ఎత్తు దూకి, ప్రయత్నాల లెక్కలో వెనకబడి రజతం తీసుకున్నది మన కర్ణాటక కుర్రాడు గిరీశ. మన పత్రికలు ఆ వారం గిరీశ గురించి రాశాయి, న్యాయమే. డెలానా తర్వాత తన దేశంలో క్రీడల శాఖ సహాయమంత్రి అయ్యాడు.

ఇసుక దిబ్బల మీద

2013లో ఫిజీ సెవెన్స్ జట్టుకు కోచ్‌గా ఇంగ్లండునుంచి బెన్ రయాన్ వచ్చాడు. ఎర్ర జుట్టు, కళ్ళజోడు, బడిపంతులు వాలకం. అప్పటిదాకా ఇంగ్లండు సెవెన్స్ జట్టుకు శిక్షకుడు. ఉద్యోగం ఖాయమైందని ఫోన్ చేసి, ఒప్పుకోవడానికి ఇరవై నిమిషాలు గడువిచ్చారని ఆయనే తర్వాత చెప్పాడు. ఇరవై నిమిషాల్లో ఒప్పుకున్నాడు. దిగాక తెలిసింది, ఫిజీ రగ్బీ యూనియన్ దగ్గర డబ్బు లేదని. మొదటి నెలల్లో జీతం రాలేదు. 2014లో అంతర్జాతీయ రగ్బీ సంఘం, లెక్కలు సరిగా లేవని ఫిజీ యూనియన్‌కు నేరుగా ఇచ్చే నిధులు ఆపేసింది.

అప్పటికి ఫిజీ జట్టు మీద లోకానికి స్థిరపడిన అభిప్రాయం ఒకటుంది. మొదటి సగంలో మెరుపులు, రెండో సగంలో ఆయాసం. దాన్ని మార్చే పని రయాన్ వంటింటినుంచి మొదలుపెట్టాడు. చక్కెర, తెల్ల రొట్టె తగ్గించాడు. సింగతోకా తీరంలో ఇసుక దిబ్బలున్నాయి. ఫిజీ తొలి జాతీయ పార్కు అదే. ఆ నిట్టనిలువు దిబ్బల మీదికి ఆటగాళ్ళను పరుగెత్తించారు. కాలు వేస్తే జారి రెండడుగులు కిందికి పోయే ఇసుక. పైకెక్కి వాంతి చేసుకుని మళ్ళీ కిందికి దిగి మళ్ళీ ఎక్కడం. స్థానికుడైన ఫిట్‌నెస్ శిక్షకుడు నాథా థవానింబుకా ఈ పనిలో రయాన్‌కు కుడిభుజం. పేదరికమే ఫిజీని గెలిపించిందని రాసే కథనాలు చదివినప్పుడల్లా నాకు ఈ దిబ్బలు గుర్తొస్తాయి. పేదరికం ఎవరినీ గెలిపించదు. అదే కుర్రాళ్ళు, అదే పేదరికం అంతకుముందూ ఉన్నాయి. తిండి, నిద్ర, ఊపిరి చక్కదిద్దాక 2014–15లో ప్రపంచ సెవెన్స్ సిరీస్ గెలిచారు. మరుసటేడు మళ్ళీ గెలిచారు.

ఆ రెండో ఏడు నడుమలో విన్‌స్టన్ వచ్చింది. 2016 ఫిబ్రవరి 20న ఫిజీని తాకిన తుపాను. దక్షిణార్ధగోళంలో భూమిని తాకిన తుపానుల్లో అంత బలమైనది అప్పటిదాకా నమోదు కాలేదు. 44 మంది చనిపోయారు. వేల ఇళ్ళు నేలమట్టమయ్యాయి. కోరో దీవిలో ఊళ్ళకు ఊళ్ళే తుడిచిపెట్టుకుపోయాయి. దివిసీమ ఉప్పెన గురించి ఇంట్లో పెద్దల నోట విన్న కోస్తా జిల్లాలవాళ్ళకు ఆ మర్నాటి ఉదయం ఎలా ఉండి ఉంటుందో వేరే చెప్పక్కర్లేదు. ఆర్నెల్ల తర్వాత రియోకు వెళ్ళిన జట్టు, పైకప్పు లేని ఇళ్ళలో రేడియోలు వింటున్న జనం తరఫున ఆడింది.

రియోలో దారి నల్లేరు మీద నడకేమీ కాదు. బ్రెజిల్‌ను చిత్తుచేసినా, గ్రూపు దశలో అర్జెంటీనా మీద 21–14, అమెరికా మీద 24–19. క్వార్టర్ ఫైనల్లో న్యూజీలాండ్ మీద 12–7తో గట్టెక్కారు. సెమీస్‌లో జపాన్ మీద 20–5. ఫైనల్ సంగతి చెప్పేశాను.

అప్పటి ప్రధాని బైనిమరామ ఆగస్టు 22న దేశమంతా సెలవు ప్రకటించాడు. ఇంకో పని కూడా చేశాడు. ఫిజీ జెండా మూలలో బ్రిటన్ జెండా ఉంటుంది. వలస గుర్తు తీసేయాలని ఆయన ప్రభుత్వమే 2015లో నిర్ణయించి, కొత్త నమూనాలు కూడా పిలిచింది. రియోలో జనం ఆ పాత జెండానే ఒంటికి చుట్టుకుని ఏడ్చారు. అది చూశాక జెండా మార్చే ఆలోచన విరమించుకుంటున్నామని అదే నెలలో ప్రకటించాడు. బ్రిటన్‌ను ఓడించిన సంబరంలో బ్రిటన్ గుర్తు జెండా మీద మిగిలిపోయింది. చరిత్ర ఇలాంటి వేళాకోళాలు ఆడుతుంటుంది.

రయాన్‌కు సెరువా ప్రాంతం పెద్దలు మూడెకరాల భూమి, తమ తెగ పేరు ఒకటీ ఇచ్చారు.

గిర్మిట్ మనుమలు

ఫిజీలో నందీ విమానాశ్రయంలో దిగితే, టాక్సీ నడిపే మనిషి పేరు ఏ రాజుగారో, నాయుడుగారో అయ్యే అవకాశం బాగానే ఉంది. 1879నుంచి 1916 దాకా చెరకు తోటల్లో కూలీకి అరవై వేలమందికి పైగా భారతీయులను ఓడల్లో ఫిజీకి తరలించారు. అయిదేళ్ళ ఒప్పందం, దాన్నే వాళ్ళు గిర్మిట్ అన్నారు. తొలి ఓడలన్నీ కలకత్తానుంచి. 1903నుంచి మద్రాసు రేవు కూడా తెరిచారు. విశాఖపట్నం, గోదావరి, కృష్ణా, ఉత్తర ఆర్కాటు జిల్లాల తెలుగువాళ్ళు ఆ ఓడలెక్కారు. తమిళులతో కలిసి 1926లో సంగం పెట్టుకున్నారు. తర్వాత తమ భాష తమకు కావాలని 1941లో దక్షిణ ఇండియా ఆంధ్ర సంగం వేరుగా నెలకొల్పారు. ఆ సంగం ఇప్పటికీ బడులు నడుపుతోంది.

రగ్బీ జట్టులో మాత్రం వీళ్ళ మనుమలు కనిపించరు. కూలీలుండే లైను ఇళ్ళ మధ్య రారా లేదు. భారతీయులు ఫుట్‌బాల్ పట్టుకున్నారు. 1938లో ఫిజీ ఇండియన్ ఫుట్‌బాల్ సంఘం పుట్టింది, 1961లో అందరిదీ అయింది. సంగం వార్షిక సమావేశమంటే ఈనాటికీ ఫుట్‌బాల్ పోటీలు ఉండాల్సిందే. ఒక దేశంలో రెండు జాతులు, రెండు ఆటలు. దాని వెనక ఉన్నది ఆటలో తేడా కాదు, భూమిలో తేడా. నేల తెగలది, చెరకు కౌలుదారులది. 1987 మే 14న, తొలి గిర్మిట్ ఓడ తీరం చేరిన తేదీనే, లెఫ్టినెంట్ కర్నల్ సితివేని రబుకా సైనిక తిరుగుబాటు చేసి భారతీయుల మద్దతున్న ప్రభుత్వాన్ని కూలదోశాడు. ఈ రబుకా ఎవరనుకున్నారు? ఫిజీ రగ్బీ ఆటగాడు. 1974 కామన్వెల్త్ క్రీడల్లో ఫిజీ తరఫున బరువులు విసిరిన అథ్లెట్. 2022లో ఆయన ఎన్నికైన ప్రధానిగా పదవిలోకి వచ్చి, పాత చేష్టలకు క్షమాపణ కూడా చెప్పుకున్నాడు. కానీ ఆనాటినుంచి ఆస్ట్రేలియాకూ న్యూజీలాండ్‌కూ కెనడాకూ వెళ్ళిపోయిన భారతీయ కుటుంబాలు తిరిగి రాలేదు. ఒకప్పుడు జనాభాలో సగమైనవాళ్ళు 2007 నాటికి నూటికి ముప్ఫై ఎనిమిదికి దిగారు.

2006లో మళ్ళీ సైన్యం పగ్గాలు పట్టుకుంది, ఈసారి బైనిమరామ చేతుల్లో. కామన్వెల్త్ కూటమి ఫిజీని పక్కన పెట్టింది. అందువల్లే 2010 ఢిల్లీ కామన్వెల్త్ క్రీడల్లో ఫిజీ జట్టు లేదు. ఆ ఏడాది ఢిల్లీ విశ్వవిద్యాలయం మైదానంలో సెవెన్స్ చూడ్డానికి వెళ్ళిన మనవాళ్ళు అసలు పెళ్ళికొడుకు లేని పెళ్ళి చూసి వచ్చారు. ఇంకో చిత్రం: ఒలింపిక్స్‌లో ఇంత చేసిన ఫిజీ, కామన్వెల్త్ క్రీడల్లో సెవెన్స్ స్వర్ణం ఇంతవరకూ గెలవలేదు. పురుషుల జట్టుకు నాలుగు రజతాలు, ఒక కాంస్యం.

రియోకు ఫిజీ ఫుట్‌బాల్ జట్టు కూడా వెళ్ళింది. కెప్టెన్ రాయ్ కృష్ణ, లబాసా ఊరి భారత సంతతి కుర్రాడు. జర్మనీ చేతిలో 10–0, కొరియా చేతిలో 8–0. మెక్సికోతో ఆటలో మాత్రం అతనొక గోల్ కొట్టాడు. ఒలింపిక్ ఫుట్‌బాల్‌లో ఫిజీకి తొలి గోల్ అది. విరామం దాకా 1–0తో ముందున్నారు, తర్వాత 5–1తో ఓడారు. అదే రాయ్ కృష్ణ 2019నుంచి మన ఇండియన్ సూపర్ లీగ్‌లో కోల్‌కతాకూ బెంగళూరుకూ ఒడిశాకూ గోల్స్ కొట్టాడు. పోయిన తాతల దేశానికి, మనుమడు కాలితో బతకడానికి తిరిగొచ్చాడు.

ఒక్కరు కాదు, ఒక జట్టు

చిన్న దేశాల పతకాల కథలు ఇంకా ఉన్నాయి. టోక్యో ఒలింపిక్స్‌లో బెర్ముడా మహిళ ఫ్లోరా డఫీ ట్రయథ్లాన్ గెలిచింది. అయిదుగురిని పంపిన శాన్ మరీనో మూడు పతకాలు తీసుకెళ్ళింది. 2024 పారిస్‌లో ఒకే రాత్రి సెయింట్ లూసియాకు జూలియన్ ఆల్ఫ్రెడ్ 100 మీటర్ల పరుగులో, డొమినికాకు థియా లాఫాండ్ ట్రిపుల్ జంప్‌లో తొలి స్వర్ణాలు తెచ్చారు. గొప్ప సంగతులే. కానీ ఆల్ఫ్రెడ్ పద్నాలుగేళ్ళకే ఊరు వదిలి జమైకాకూ, అక్కడినుంచి టెక్సస్‌కూ వెళ్ళింది. డఫీ కొలరాడోలో, లాఫాండ్ మేరీలాండ్‌లో తయారయ్యారు. ప్రతిభ దీవిది, తర్ఫీదు అమెరికా విశ్వవిద్యాలయాలది. ఒక్క మనిషికి ఉపకార వేతనం దొరుకుతుంది. జట్టుకు జట్టునే స్కాలర్‌షిప్ మీద పంపడం కుదరదు. జట్టు ఇంట్లోనే తయారవ్వాలి. ఒకరికొకరు అలవాటవ్వాలి, గాయపడినవాడి చోటుకి ఇంకొకడు సిద్ధంగా ఉండాలి, దానికి స్కూలు పోటీలు, ఊళ్ళ పోటీలు, పోలీసు జట్టు, సైన్యం జట్టు, జైళ్ళ శాఖ జట్టు అన్నీ ఉండాలి. ఫిజీలో ఉన్నాయి. నా లెక్కలో ఫిజీ స్వర్ణం మిగతా చిన్న దేశాల స్వర్ణాలకన్నా బరువైంది ఇందుకే.

టోక్యో నాటికి కష్టం రూపం మార్చుకుంది. కోవిడ్ కాలంలో ఆటగాళ్ళు నెలల తరబడి ఇంటిమొహం చూడకుండా శిబిరంలో ఉండిపోయారు. ప్రయాణికుల విమానాలు లేక, గడ్డకట్టిన చేపలు మోసుకెళ్ళే సరుకు విమానంలో జపాన్ చేరారు. 2021 జులై 28న ఫైనల్లో న్యూజీలాండ్‌ను 27–12తో ఓడించారు. కెప్టెన్ జెరీ తువాయ్. రియో జట్టులోంచి మళ్ళీ స్వర్ణం అందుకున్నది అతనొక్కడే. మూడు రోజులకు మహిళల జట్టు, ఫిజియానా అంటారు, బ్రిటన్ మీద 21–12తో గెలిచి కాంస్యం తెచ్చింది. సెమీస్‌లో న్యూజీలాండ్‌ను అదనపు సమయం దాకా లాక్కెళ్ళిన జట్టు అది. ఆడపిల్లలకు రగ్బీ ఏమిటని ఊళ్ళో పెద్దలు కసిరిన కాలం ఇంకా పూర్తిగా పోని దేశంలో, ఆ కాంస్యానికి ఎక్కువ నాణ్యం ఉందని నేనంటాను.

2024లో పారిస్. జట్టు కోచ్ ఎవరంటే, నోటు మీది ఓసియా కోలినిసౌ. ఆటలు మొదలవడానికి కొద్ది నెలల ముందే బాధ్యత అప్పగించారు. ఐర్లండు మీద 19–15తో బయటపడి, ఆస్ట్రేలియాను 31–7తో ఓడించి మూడోసారి ఫైనల్ చేరారు. అప్పటికి ఒలింపిక్ సెవెన్స్‌లో ఫిజీ ఆడినవి 17 ఆటలు, గెలిచినవి 17. జులై 27న స్టాడ్ దె ఫ్రాన్స్‌లో, ఫ్రాన్స్ చేతిలో ఆ లెక్క ఆగింది. విరామానికి 7–7. రెండో సగంలో ఆంటోయిన్ డ్యూపోన్ బరిలోకి దిగాడు. ఈ ఒక్క టోర్నీ కోసం ఆ ఏడాది మొదట్లో దేశం తరఫున పదిహేనుమంది రగ్బీ మానుకున్న ఆటగాడు. ఒక ట్రై చేయించి, రెండు తానే చేశాడు. 28–7. మహిళల జట్టుకు ఆసారి పతకం రాలేదు.

ఓడించింది ఫ్రాన్స్ కావడంలో కొంత అర్థముంది. ఫిజీ కుర్రాడు ఇరవై ఏళ్ళకు మెరిస్తే, ఫ్రెంచి క్లబ్బు చేతిలో కాగితాలతో వస్తుంది. జోసువా తుయిసోవా తూలోన్‌కు, సెమి కునతని తూలూజ్‌కు వెళ్ళింది అలాగే. తప్పు పట్టలేం. ఒక క్లబ్బు జీతంతో ఊళ్ళో నాలుగు ఇళ్ళు లేస్తాయి. దేశానికి ఆడితే వచ్చేదెంత? పిల్లలను పెంచేది ఫిజీ పల్లె, వాళ్ళ మంచి వయసు వాడుకునేది యూరప్ లీగు. దీనికి విరుగుడుగా 2022లో ఫిజియన్ ద్రువా అనే వృత్తి జట్టు సూపర్ రగ్బీ లీగులో చేరింది. ఇంటిపట్టున ఉండి జీతం తీసుకుంటూ ఆడే వీలు మొదటిసారి కలిగింది. ఆ ఏడే మహిళల ద్రువా ఆస్ట్రేలియా లీగు గెలిచేసింది. అంతర్జాతీయ రగ్బీ సంఘం ఫిజీ కోసం ఏదైనా చెయ్యదలిస్తే, మెచ్చుకోళ్ళు కట్టిపెట్టి ఇలాంటి జట్లకు డబ్బు పెట్టాలి.

మనకూ సెవెన్స్ మెల్లగా పరిచయమవుతోంది. 2025 జూన్‌లో ముంబైలో తొలి రగ్బీ ప్రీమియర్ లీగ్ జరిగింది. ఆరు జట్లు, అందులో హైదరాబాద్ హీరోస్ ఒకటి. ఆ లీగులో ఫిజీ ఆటగాళ్ళూ ఆడారు. భారత జట్టు ఒలింపిక్ సెవెన్స్‌కు ఇంకా అర్హత సాధించలేదు. 2028 లాస్ ఏంజెలిస్‌లో సెవెన్స్ ఉంది. ఆ రోజుల్లో మన ఆటలేవీ లేకపోతే, వేళకాని వేళ అయినా సరే, ఫిజీ ఆడుతున్న ఛానెల్ పెట్టి చూడండి. పద్నాలుగు నిమిషాలే పడుతుంది.